స్టే వస్తే అప్పు పోదు

ప్రశ్న: మావారు శుభలేఖలు అచ్చువేసే ప్రెస్ నడిపేవారు. నా పేరున ఉన్న ఇల్లు తనఖా పెట్టి బ్యాంకులో 14 లక్షలు తీసుకున్నాం. ఆయనకు గుండె ఆపరేషన్ అయ్యాక ప్రెస్ మూతపడింది. ఐదు నెలలుగా కిస్తీలు ఆగిపోయాయి. మధ్యలో బంగారం కుదువపెట్టి 30 వేలు కట్టాం. గత వారం వచ్చిన సర్ఫేసీ (కోర్టుకు వెళ్లకుండానే తనఖా ఆస్తిని బ్యాంకు స్వాధీనం చేసుకునే వీలిచ్చే చట్టం) నోటీసులో ఆ జమ కనిపించడం లేదు. ఏజెంట్లు మా మరిది ఇంటికి వెళ్లి అడుగుతున్నారు. హైకోర్టుకు వెళ్లి స్టే తెచ్చుకోమని ఒకరు, ఇల్లు అమ్మాయి పేరున రాసేయమని మరొకరు అంటున్నారు. ఏం చేయాలి?
- ఒక సోదరి, విజయనగరం

జవాబు: అమ్మా, ఆ రెండో సలహా ఇచ్చిన పెద్దమనిషి మాట ఇక వినకండి. నోటీసు అందాక బ్యాంకు లిఖితపూర్వక అనుమతి లేకుండా ఆ ఇల్లు ఎవరికీ రాసివ్వకూడదని సర్ఫేసీ చట్టం 13(13) సెక్షన్ చెబుతోంది. రాస్తే అప్పు తీరదు సరికదా, అమ్మాయి కూడా కేసులో ఇరుక్కుంటుంది.

మీకు వచ్చింది 13(2) నోటీసు. బాకీ కట్టడానికి గడువు 60 రోజులు. చాలామంది ఈ రెండు నెలలూ దిగులుతోనే గడిపేసి, తలుపుకు కాగితం అంటించాక నా దగ్గరికి వస్తారు. మీరు ఈ వారమే బ్యాంకుకు అభ్యంతర పత్రం రాయండి. ఆ 30 వేల రసీదు నకలు జతచేసి, ఏ తేదీన కట్టారో, అది ఏ పద్దులో జమైందో చూపమని అడగండి. ఖాతా స్టేట్‌మెంట్ తీసుకుని జరిమానా వరుస కూడా చూడండి. జరిమానా మీద మళ్లీ వడ్డీ వేయకూడదన్నది రిజర్వు బ్యాంకు నిబంధన. ఆసుపత్రి డిశ్చార్జి పత్రం పెట్టి, నెలకు ఎంత కట్టగలరో నిజాయతీగా రాయండి. రిజిస్టర్డ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి. బ్యాంకు 15 రోజుల్లో కారణాలతో జవాబివ్వాలి. ఇవ్వకపోతే రేపు రుణ వసూళ్ల ట్రైబ్యునల్‌లో (బ్యాంకు బాకీల కేసులు వినే ప్రత్యేక న్యాయస్థానం) అదే మీకు బలమైన వాదన.

ఇక హైకోర్టు. ట్రైబ్యునల్ ఉండగా ఇలాంటి రిట్లను (నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్లను) హైకోర్టులు మామూలుగా స్వీకరించకూడదని సత్యవతి టాండన్ కేసులో 2010లోనే సుప్రీంకోర్టు చెప్పింది. ఒకవేళ స్టే వచ్చినా, బకాయిలో ఇంత భాగం ఫలానా తేదీలోగా కట్టాలన్న షరతుతోనే సాధారణంగా వస్తుంది. ఒక్క వాయిదా తప్పితే ఆ రక్షణ పోతుంది, వడ్డీ మాత్రం పెరుగుతూనే ఉంటుంది. కట్టే దారి లేకుండా స్టే కోసం పరుగెత్తితే లాయరు ఫీజు అదనపు అప్పు అవుతుంది. లాయరుగా నేనే చెబుతున్నాను.

60 రోజులు దాటాక బ్యాంకు 13(4) కింద స్వాధీన నోటీసు ఇస్తే, అక్కడి నుంచి 45 రోజుల్లో విశాఖపట్నంలోని రుణ వసూళ్ల ట్రైబ్యునల్‌లో 17వ సెక్షన్ కింద దరఖాస్తు వేయాలి. అంతకుముందు వేస్తే తొందరపాటని తిప్పి పంపుతారు. వేలం ప్రకటన వెలువడేలోపే మొత్తం కట్టి ఇల్లు విడిపించుకునే హక్కు ఉంటుంది. 2016 సవరణ తర్వాత ఈ విషయంలో ఉదారత తగ్గింది. ఫీజు గురించి బెంగ వద్దు. మహిళలకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం అందుతుంది. జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో అడగండి. లోక్ అదాలత్‌లో రాజీ కుదిరితే మంచిదే, కానీ అక్కడ ఇచ్చే అవార్డుపై (తీర్పుపై) అప్పీలు లేదు. కట్టలేని వాయిదాకు సంతకం పెట్టకండి. ఒకేసారి పరిష్కారం (వన్‌టైమ్ సెటిల్‌మెంట్) కింద తగ్గింపు అడగవచ్చు, అది హక్కు మాత్రం కాదు.

ఏజెంట్ల సంగతి. ఉదయం 8కి ముందు, సాయంత్రం 7 తర్వాత ఫోన్ చేయకూడదు, బంధువులను వేధించకూడదు. మీ మరిదిని వచ్చినవారి పేరు, తేదీ, సమయం రాసిపెట్టమనండి. ముందు బ్యాంకుకే ఫిర్యాదు ఇవ్వండి. 30 రోజుల్లో పరిష్కరించకపోతే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు (బ్యాంకులపై ఫిర్యాదులు విచారించే అధికారికి) పంపండి. ఫిర్యాదునూ అభ్యంతర పత్రాన్నీ ఒకే కాగితంలో కలపకండి, అవి వేర్వేరు బల్లల మీదికి వెళ్లాలి.