రెచ్చగొట్టాలనుకునే సమీక్షకుడికి

ప్రియమైన మిత్రమా,

నువ్వు పంపిన సమీక్షలు చదివాను. వాక్యం నడపడం నీకు వచ్చు. కానీ అన్ని తిట్లు తిట్టిన తర్వాత కూడా ఆ సినిమాల్లో నీకు ఒళ్లు మండించినది ఏమిటో నాకు తెలియలేదు. అమెరికన్ సినీ విమర్శకురాలు పాలిన్ కేల్‌లా రాయాలని ఉందన్నావు. కోరిక మంచిదే. అయితే ఆమె దురుసుతనం ఒక్కటే తీసుకుంటే నీకు మిగిలేది శత్రువులే.

ఆమె తొలి సమీక్ష 1953లో వచ్చింది. చాప్లిన్ ‘లైమ్‌లైట్’ను అందులో తీసిపారేసింది. తర్వాత కాలిఫోర్నియాలోని బర్క్‌లీలో డబ్బు తీసుకోకుండా రేడియోలో సమీక్షలు చెప్పింది. ఒక చిన్న థియేటర్ నడుపుతూ అక్కడ వేసే సినిమాలకు పరిచయాలు రాసింది. టిక్కెట్టు కొనాలా వద్దా అని తేల్చుకునే మనిషికి నాలుగు వాక్యాల్లో ఏం చెప్పాలో అక్కడే అలవడి ఉంటుందని నా నమ్మకం. 1968లో ‘న్యూయార్కర్’ పత్రికలో కుదురుకునేనాటికి ఆమె వయసు యాభైకి దగ్గర పడింది. నీకింకా చాలా సమయం ఉంది.

1967లో దొంగల జంట కథ ‘బానీ అండ్ క్లైడ్’ వచ్చినప్పుడు ‘న్యూయార్క్ టైమ్స్’ విమర్శకుడు బాస్లీ క్రౌథర్ దాన్ని చీల్చి చెండాడాడు. కేల్ ఆ సినిమా వైపు నిలబడి సుదీర్ఘమైన వ్యాసం రాసింది. ఆ వ్యాసంలో ఒక చిన్న ముక్క చూడు. తన వరసలో కూర్చున్న ఒక స్త్రీ ఇది హాస్య చిత్రమని పక్కవాళ్లకు సంబరంగా చెబుతూ వచ్చి, కొంతసేపటికి నోరు మెదపడం మానేసిందట. నవ్విస్తూనే ఉన్నట్టుండి ఆ నవ్వును గొంతులో ఆపేయడం ఆ సినిమా పని. ఆ సంగతి సిద్ధాంతంతో చెప్పకుండా పక్క సీటును గమనించి చెప్పింది. ఆమె రెచ్చగొట్టడం వెనక ఇంత పరిశీలన ఉంది.

ఆమెను నెత్తిన పెట్టుకోమని కాదు. ‘సిటిజన్ కేన్’ స్క్రీన్‌ప్లే ఘనత దాదాపుగా సహరచయిత హెర్మన్ మాంకీవిచ్‌దేనని 1971లో వాదించినప్పుడు, ఆ సినిమా దర్శకుడు ఆర్సన్ వెల్స్‌ను అడగనే లేదు. ఆ తర్వాత పరిశోధకులు పాత ప్రతులు తిరగేస్తే వెల్స్ చేయి కూడా గట్టిగానే ఉందని తేలింది. ఇష్టాయిష్టాల్లో ఎంత మొండిగానైనా ఉండు, ఎవరు ఏం రాశారన్నది మాత్రం వెతికి తెలుసుకోవలసిందే. సినిమాను రెండోసారి చూడనన్న ఆమె పట్టుదల కూడా నీకు వద్దు. అది ఆమె జ్ఞాపకశక్తికి చెల్లింది.

1980లో రచయిత్రి రెనాటా ఆడ్లర్ కేల్ వాక్యాలను ఒక్కొక్కటే విప్పి, అవే ప్రశ్నలు, పాఠకుడి మెడ వంచే అదే ‘మనం’, ‘మీరు’ అని ఎత్తిచూపింది. ఆ దాడి మరీ క్రూరమైనదే గానీ ఒకసారి చదువు. ఈ వయసుకే నీ ప్రతి సమీక్షా ప్రశ్నతో ముగుస్తోంది!

ఆ పోలీసు సినిమా సమీక్ష తిరగరాసి పంపు. ‘చెత్త’ అనే మాట ఒక్కసారికే అనుమతి. రెండో సగంలో హీరోయిన్ ఎందుకు మాయమైందో నువ్వు ఒక్క ముక్కా రాయలేదు. నీకు అసలు కోపం వచ్చింది అక్కడేనని నా అనుమానం.

ఆశీస్సులతో,
నీ శ్రేయోభిలాషి