చేయి కాలి మానిన తరువాత మిగిలే ఇబ్బందులకు కోడ్ ఎలా వేయాలి?

బీమా క్లెయిముల కోసం జబ్బులకు, గాయాలకు కోడ్లు వేసే కోడర్‌గా మీరు అడిగిన ప్రశ్నను నేను అర్థం చేసుకున్నది ఇలా. కుడి చేతి వెనుక వైపు మూడో డిగ్రీ స్థాయిలో, అంటే చర్మం మందమంతా కాలి రెండేళ్లు దాటిన రోగి, మచ్చ దళసరెక్కి వేళ్లు ముడవలేక డాక్టరు దగ్గరకు వచ్చారు. మీరు కాలిన గాయానికి టి23.361ఎస్ మొదట, ఉబ్బిన మచ్చకు ఎల్91.0 తరువాత వేశారు. చివరి ఎస్ అంటే సీక్వెలా, గాయం మానాక మిగిలిన ఇబ్బంది అని. ఆడిటరు వరుస తప్పని తిప్పి పంపారు. మీ టీమ్ లీడ్ మాత్రం ఎస్ వేయడమే తప్పు, చికిత్స ఇంకా నడుస్తోంది కనుక, గాయం మానే దశను చెప్పే డి వేయాలి అంటున్నారు. వీరిలో ఆడిటరు చెప్పిందే సరి. మీరు ఎస్ ఎంచుకోవడంలో పొరపాటు లేదు, వరుస ఒక్కటే తారుమారైంది.

అమెరికా క్లెయిములకు వాడే ఐసిడి-10-సిఎమ్ అనే జబ్బుల కోడ్ల పద్ధతి మార్గదర్శకాలు ఈ విషయంలో స్పష్టంగా ఉన్నాయి. గాయం మిగిల్చిపోయిన స్థితి ఏదో అది ముందు రావాలి, ఆ స్థితికి మూలమైన గాయం ఏడో అక్షరంగా ఎస్ తగిలించుకుని దాని వెనుక రావాలి. రోగి ఈ రోజు డాక్టరు ముందు కూర్చున్నది రెండేళ్ల నాటి మంట కోసం కాదు, ముడుచుకోని వేళ్ల కోసం, ఉబ్బిన మచ్చ కోసం. కాబట్టి మీ చార్టులో ఎల్91.0 ముందు, టి23.361ఎస్ తరువాత ఉండాలి. డాక్టరు కీళ్లు బిగుసుకుపోయాయని, అంటే కాంట్రాక్చర్ అని రాసి ఉంటే ఎమ్24.541 కూడా చేరుతుంది. ఆయన కేవలం స్టిఫ్‌నెస్ అని రాసి వదిలేస్తే అది ఎమ్25.641 అవుతుందే తప్ప కాంట్రాక్చర్ కాదు. మానిపోయిన గాయం వల్ల ఎముకలకు, కీళ్లకు, కండరాలకు మిగిలే స్థితులు సాధారణంగా ఎమ్ కోడ్లుండే పదమూడో అధ్యాయంలోనే దొరుకుతాయి కనుక, ఎమ్ కోడ్లను చూసి ఇది గాయం చార్టు కదా అని సందేహించనక్కరలేదు.

ఇక డి, ఎస్‌ల విషయం. నేను ఈ పనిలో చేరిన కొత్తలో దీనికి ముందున్న ఐసిడి-9 నడుస్తుండేది. అందులో మణికట్టు, చేతి కాలిన గాయాల దీర్ఘకాలిక ప్రభావాలన్నిటికీ 906.6 అనే ఒక్క కోడ్ సరిపోయేది, ఏ చేయి, ఎంత లోతు అని అడిగేది కాదు. 2015 అక్టోబరు 1న ఐసిడి-10-సిఎమ్ వచ్చాక, ఏడో అక్షరాన్ని కాలాన్ని బట్టి ఎంచుకోవాలని మాలో చాలామందికి ఒక భ్రమ ఉండేది. ఆరు నెలల లోపైతే డి, దాటితే ఎస్ అని నేనూ కొంతకాలం వేశాను. అలాంటి గడువు ఏదీ నియమాలలో లేదు. పుండు ఇంకా మానే దశలో ఉంటే, డ్రెస్సింగులు మార్చడం, అతికించిన చర్మం పట్టిందో లేదో చూడడం వంటివి జరుగుతుంటే డి. పుండు పూడిపోయి దాని తాలూకు మచ్చకో, బిగుతుకో చికిత్స జరుగుతుంటే ఎస్. చికిత్స నడుస్తోందన్నది ఇక్కడ ప్రశ్న కాదు, ఆ చికిత్స దేనికన్నదే ప్రశ్న.

నాకు ఆ భ్రమ పోగొట్టిన చార్టు ఒకటి ఇప్పటికీ గుర్తుంది. గాయమై అప్పటికి నాలుగు నెలలే. చేతి వెనుక చర్మమంతా మానిపోయి, మచ్చ బిగుసుకుని, వేళ్లు మెటికల దగ్గర వెనక్కి లేచి, నడి కణుపుల దగ్గర లోపలికి వంగి, చేయి పంజాలా తయారైందని డాక్టరు రాశారు. చొక్కా గుండీ పెట్టుకోవడం రావడం లేదని థెరపిస్టు నోటులో ఉంది. ఆ కిందే, చూపుడు వేలి మీద అతికించిన చర్మం అంచు ఇంకా తడిగానే ఉందని, డ్రెస్సింగు మార్చామని ఒక్క వాక్యం ఉంది. ఆ ఒక్క వాక్యాన్ని చూసి నేను చార్టు మొత్తానికి డి వేశాను. మాకు శిక్షణ ఇచ్చిన పెద్దావిడ నన్ను పక్కన కూర్చోబెట్టుకుని, ఒకే చేతి మీద అన్ని భాగాలూ ఒకే వేగంతో మానవమ్మా అని చెప్పి, వేలికి టి23.321డి, చేతి వెనుక భాగానికి మచ్చ కోడ్‌తో పాటు టి23.361ఎస్ వేయించారు. రెండూ ఒకే రికార్డులో ఉండవచ్చని మార్గదర్శకాలలోనే ఉంది. చాలామంది కోడర్లు అలా వేయడానికి జంకుతారు, జంకనక్కరలేదు.

అరచేయి కాలిన కేసుల్లో వేరే ఉచ్చు ఉంది. అరచేతి కాంట్రాక్చర్ అన్న మాట చూడగానే కోడర్ల చూపు ఎమ్72.0 వైపు పరుగెత్తుతుంది. అది డుప్యిట్రాన్ జబ్బు, అంటే అరచేతి చర్మం కింది పొర దానంతట అదే గట్టిపడి వేళ్లను లోపలికి లాగడం. కాలిన గాయానికి దానితో సంబంధం లేదు. నేను ఒకసారి వేడి ఇస్త్రీపెట్టె పట్టుకున్న చిన్నపిల్లవాడి చార్టుకు ఆ కోడ్ వేసి పంపాను, క్లెయిము తిరిగివచ్చింది. సాధారణంగా నడివయసు దాటాక కనిపించే జబ్బును ఒక పసివాడి పేరు మీద రాశానన్న బాధ ఆ తిరస్కరణ కంటే ఎక్కువ కాలం వెంటాడింది, ఎందుకంటే ఆ రాత అతని రికార్డులో నిలిచిపోతుంది. చర్మం మాత్రమే లాగుతున్నప్పుడు, వేళ్ల సందుల్లో చర్మం పొరలా పెరిగి వేళ్లు విడిపడనప్పుడు ఎల్90.5 సరిపోతుంది. మచ్చ ఉబ్బి ఉందని, హైపర్‌ట్రోఫిక్ లేదా కెలాయిడ్ అని రాసి ఉంటేనే ఎల్91.0. చేతి వెనుక చర్మం పలచన, దాని కిందే స్నాయువులు ఉంటాయి కాబట్టి అక్కడ లోతుగా కాలితే నడి కణుపు దగ్గరి స్నాయువు దెబ్బతిని, ఆ కణుపు లోపలికి వంగి వేలి కొస వెనక్కి లేచే బూటనియర్ వైకల్యం ఏర్పడవచ్చు. డాక్టరు ఆ పేరే రాస్తే కుడి చేతికి ఎమ్20.021 ఉంది, దాన్ని కాంట్రాక్చర్ కింద కలిపేయకండి.

డిగ్రీ గురించి జాగ్రత్త. పాత గాయాల చార్టుల్లో ఓల్డ్ బర్న్, రైట్ హ్యాండ్ అని మాత్రమే ఉండడం మామూలు. చర్మం అతికించారు కాబట్టి మూడో డిగ్రీయే అయి ఉంటుందని మనం నిర్ణయించకూడదు. డాక్టరును అడగాలి, జవాబు రాకపోతే చేతి వెనుక భాగానికి టి23.061ఎస్ వంటి, డిగ్రీ చెప్పని కోడ్‌తోనే సరిపెట్టుకోవాలి. రసాయనం వల్ల కాలితే టి23.4 నుంచి టి23.7 వరకు ఉన్న విభాగాలకు వెళ్లాలి. వంటనూనె పడి కాలిందని రాసి ఉంటే ఆ కారణాన్ని చెప్పే ఎక్స్10.2ఎక్స్ఎక్స్ఎస్ కూడా చేర్చవచ్చు, దానికీ చివర ఎస్సే రావాలి. ప్రమాదం జరిగిన చోటును చెప్పే వై92 మొదటి చికిత్సప్పుడు ఒక్కసారే వేసేది, ఇప్పుడు అవసరం లేదు.

మీరు ప్రపంచ ఆరోగ్య సంస్థ వారి ఐసిడి-10 చదివి వచ్చినవారైతే టి95.2 గుర్తుకు రావచ్చు. చేయి మొత్తానికి కాలిన గాయాల తాలూకు మిగులును అది ఒక్కటే చెబుతుంది, కానీ ఐసిడి-10-సిఎమ్‌లో ఆ విభాగమే లేదు. అలాగే జెడ్87.828 అన్నది ఏ ఇబ్బందీ మిగలకుండా మానిన గాయానికి. మచ్చకు చికిత్స జరుగుతున్న రోజున దాన్ని వేస్తే, ఇబ్బందేమీ లేదని మనమే చెప్పినట్టవుతుంది. అరుదుగా, ఏళ్ల తరబడి ఉన్న కాలిన మచ్చలో మార్జొలిన్ పుండు అనే క్యాన్సర్ పుడుతుంది. అది స్క్వామస్ సెల్ రకమని నిర్ధారణ అయితే కుడి చేతికి సి44.622 ముందు, ఎస్ కోడ్ వెనుక.

మీ క్లెయిము విషయానికి వస్తే, తిరిగి పంపే ముందు డాక్టరుకు ఒక ప్రశ్న పెట్టండి: వేళ్లు ముడవకపోవడానికి కారణం మచ్చ బిగుతు మాత్రమేనా, కీళ్లు కూడా బిగుసుకున్నాయా అని. కీళ్లు కూడా అని జవాబు వస్తే ఎల్91.0, ఎమ్24.541, టి23.361ఎస్. మచ్చ మాత్రమే అంటే ఎల్91.0, టి23.361ఎస్. మచ్చ బిగుతును విడదీసే శస్త్రచికిత్స జరిగిన రోజు అయితే ఆ చికిత్సను చెప్పే సిపిటి కోడ్ 15004 పక్కన కూడా ఇదే వరుస నిలుస్తుంది. మీ టీమ్ లీడ్‌కు చూపించడానికి కాలిన గాయాల సీక్వెలా గురించి, గాయాలకు సంబంధించిన పంతొమ్మిదో అధ్యాయం మార్గదర్శకాలలో ఉన్న భాగాన్ని ముద్రించి పెట్టుకోండి, మచ్చలు, కీళ్ల కాంట్రాక్చర్లు అన్న మాటలు అక్కడ ఉదాహరణలుగానే ఉన్నాయి.