లైటు వెలిగితే కనెక్ట్ అయినట్టేనా?

వేసవి సెలవులు వచ్చాయంటే మా వైపు మామిడికాయల లారీలు రోడ్డెక్కుతాయి, నా షాపు మెట్లెక్కే పిల్లల చేతుల్లో గేమ్ కంట్రోలర్లు, అంటే రెండు చేతులా పట్టుకుని బటన్లు, స్టిక్కులతో ఆడే సాధనాలు, కనబడతాయి. ఈ నెల వచ్చిన ఉత్తరాల్లోనూ చాలావరకు అవే. తిరుపతి గాంధీ రోడ్డులో మేడమీద ఇరుకు గదిలో ఇరవై ఏళ్లకు పైగా కంప్యూటర్లు విప్పుతున్నాను, బిగిస్తున్నాను. నేను ఆటలు ఆడను, ఆ ఓపిక లేదు. ఆడేవాళ్ల సామాను మాత్రం బాగా ఎరుగుదును. అందుకే ఈసారి శీర్షిక మొత్తం కంట్రోలర్లకే ఇచ్చేశాను. ప్రింటర్ల వాళ్లు వచ్చే నెల దాకా ఆగాలి.

ప్రశ్న: ఇంటర్ పరీక్షలు అయ్యాక కొనిస్తానని మా అబ్బాయికి మాటిచ్చి, గేమ్ కంట్రోలర్ ఆన్‌లైన్‌లో తెప్పించాను. కంప్యూటర్‌కి తగిలిస్తే మధ్యలో లైటు వెలుగుతుంది. గేములో మాత్రం ఏది నొక్కినా కదలదు. కంప్యూటర్ పాతదైపోయింది, కొత్తది కొనాలంటున్నాడు. కంట్రోలర్‌ని వెనక్కి పంపే గడువు ఇంకో మూడు రోజులే ఉంది. ఏం చేయమంటారు?
– ఒక తల్లి, గ్రీమ్స్‌పేట, చిత్తూరు

జవాబు: ముందు కొత్త కంప్యూటర్ మాట పక్కన పెట్టండమ్మా. మీవాడు సందు దొరికింది కదా అని పెద్ద బేరమే పెట్టాడు. గేములు నడవడానికి మంచి కంప్యూటర్ కావాలేమో గానీ, కంట్రోలర్‌ని గుర్తుపట్టడానికి పదేళ్ల నాటిది కూడా చాలు.

లైటు వెలిగిందంటే కరెంటు అందుతోందని అర్థం, అంతవరకే. యూఎస్‌బీ 2.0 వైరు లోపల నాలుగు సన్న తీగలుంటాయి. ఎరుపు, నలుపు కరెంటుకి. ఆకుపచ్చ, తెలుపు సమాచారానికి, అంటే మీవాడు ఏ బటన్ నొక్కాడో కంప్యూటర్‌కి చేరవేయడానికి. చార్జింగ్ కోసమే చేసిన చవక వైర్లలో ఈ రెండో జత వేయరు. పైకి చూస్తే రెండు రకాలూ ఒకేలా ఉంటాయి.

కిందటేడు బైరాగిపట్టెడ నుంచి ఒక పిల్లోడు అచ్చం ఇలాంటి కేసే తెచ్చాడు. డ్రైవర్లు, అంటే కంట్రోలర్‌తో విండోస్‌ని మాట్లాడించే ప్రోగ్రాములు, తీసేసి మళ్లీ ఎక్కించాను, విండోస్ అప్‌డేట్ చేశాను, మధ్యాహ్నం భోజనం కూడా మానేసి కూర్చున్నాను. నాలుగింటికి విసుగొచ్చి "ఈ వైరు డబ్బాలో వచ్చిందేనా నాయనా?" అని అడిగాను. "అది కుక్క కొరికేసింది సార్, ఇది నాన్న ట్రిమ్మర్‌ది" అన్నాడు. కటింగ్ ప్లయర్‌తో వైరుని మధ్యకి కోసి, రబ్బరు ఒలిచి చూశాం. లోపల ఎర్ర తీగ ఒకటి, నల్ల తీగ ఒకటి, మిగతా చోటంతా తెల్లటి దారం కూరి ఉంది. వాడు నవ్వాడు. నాకు మాత్రం చల్లారిపోయిన నా క్యారియర్ గుర్తొచ్చింది. అప్పటి నుంచి కంట్రోలర్ ఎవరు తెచ్చినా నా చేయి ముందు వైరు మీదికే పోతుంది.

మీరు వైరు కోయనక్కర్లేదు. అదే వైరుతో మీ ఫోన్‌ని కంప్యూటర్‌కి తగిలించి, ఫోన్ లాక్ తీయండి. పైనుంచి నోటిఫికేషన్లు కిందికి లాగితే యూఎస్‌బీ గురించి ఒక లైను కనబడాలి. దాని మీద నొక్కి ఫైల్ ట్రాన్స్‌ఫర్ ఎంచుకుంటే, ఫోన్ పేరు కంప్యూటర్‌లో ప్రత్యక్షమవుతుంది. అలా వస్తే వైరు మంచిదే. చార్జింగ్ ఎక్కడం తప్ప ఇంకేమీ జరగకపోతే వైరు మార్చి చూడండి.

రెండోది, సీపీయూ డబ్బాకి ముందువైపున్న సాకెట్లో పెట్టారేమో చూడండి. ముందు సాకెట్లు లోపల ఒక సన్న కేబుల్‌తో మదర్‌బోర్డుకి, అంటే లోపలి ప్రధాన బోర్డుకి, తగిలించి ఉంటాయి. చవక డబ్బాల్లో ఆ కేబుల్ వదులవుతుంది, ఒక్కోసారి అసెంబుల్ చేసినవాళ్లు దాన్ని తగిలించడమే మర్చిపోతారు. వెనకవైపు సాకెట్లు నేరుగా మదర్‌బోర్డుకే అతికి ఉంటాయి. కాబట్టి వెనక పెట్టండి. మధ్యలో ఒక సాకెట్‌ని నాలుగు చేసే యూఎస్‌బీ హబ్ ఉంటే తీసేయండి.

ఇప్పుడు గేము తెరవకుండా ఒక పని చేయండి. కీబోర్డులో విండోస్ గుర్తున్న కీ, ఆర్ కలిపి నొక్కితే చిన్న పెట్టె వస్తుంది. అందులో జె, ఓ, వై, చుక్క, సి, పి, ఎల్ అని ఖాళీ లేకుండా కొట్టి ఎంటర్ నొక్కండి. గేమ్ కంట్రోలర్స్ అని పాతకాలపు కిటికీ ఒకటి తెరుచుకుంటుంది. మీ కంట్రోలర్ పేరు అందులో ఉంటే దాన్ని ఎంచుకుని ప్రాపర్టీస్ నొక్కండి. అక్కడ బటన్ నొక్కితే ఎర్ర చుక్క వెలగాలి, స్టిక్ తిప్పితే గళ్లలో ప్లస్ గుర్తు కదలాలి. కదిలిందా, కంట్రోలర్ బాగుంది, వైరు బాగుంది, కంప్యూటరూ బాగుంది. వెనక్కి పంపకండి. తప్పు గేము దగ్గరుంది, దాని కథ కింది జవాబులో చదవండి.

ఆ కిటికీ ఖాళీగా ఉంటే స్టార్ట్ బటన్ మీద రైట్ క్లిక్ చేసి డివైస్ మేనేజర్ తెరవండి. పసుపు త్రికోణంతో "అన్‌నోన్ యూఎస్‌బీ డివైస్" అని కనిపిస్తే, ఎవరో వచ్చారని కంప్యూటర్‌కి తెలిసింది, పేరడిగితే మాత్రం జవాబు రాలేదన్నమాట. ఇంకో మంచి వైరుతో, పక్కింటివాళ్ల కంప్యూటర్‌లో ఒకసారి పెట్టి చూడండి. అక్కడా ఇదే వరస అయితే లోపల బోర్డే పోయింది. మూడు రోజుల గడువు దాటకముందే పంపేయండి. డ్రైవర్లు సరిచేస్తామని చెప్పే సాఫ్ట్‌వేర్లు మాత్రం డౌన్‌లోడ్ చేయొద్దు. ఒక రోగానికి వెళ్తే నాలుగు అంటిస్తాయి.

ప్రశ్న: నేను బీటెక్ మూడో సంవత్సరం. ఐదువందల లోపు ఒక గేమ్‌ప్యాడ్ కొన్నాను. కంప్యూటర్‌లో "జెనరిక్ యూఎస్‌బీ జాయ్‌స్టిక్" అని కనిపిస్తోంది, అన్ని బటన్లూ పనిచేస్తున్నాయి. పాత ఫుట్‌బాల్ గేము హాయిగా ఆడుతున్నా. కొత్త గేములు మాత్రం అసలు పట్టించుకోవడం లేదు. సెట్టింగుల్లో కంట్రోలర్ అనే మాటే నల్లబడి ఉంటోంది. టెన్షన్‌గా ఉంది సార్, డబ్బులు పోయినట్టేనా?
– ఒక విద్యార్థి, చంద్రగిరి

జవాబు: పోలేదు తమ్ముడూ. రెండు గేముల్లో ఒకటి గుర్తుపట్టి, ఒకటి పట్టలేదని రాశావు చూడు, అందులోనే జవాబుంది.

కంప్యూటర్ గేములు కంట్రోలర్‌తో మాట్లాడే పద్ధతులు ప్రధానంగా రెండు. 1990లలో వచ్చింది డైరెక్ట్ ఇన్‌పుట్. అప్పట్లో జాయ్‌స్టిక్, స్టీరింగ్, గేమ్‌ప్యాడ్ ఎవరికి తోచినట్టు వాళ్లు చేసేవాళ్లు. ఏ బటన్ దేనికో గేములోకి వెళ్లి మనమే చెప్పుకోవాలి. 2005లో తన గేమ్ యంత్రం ఎక్స్‌బాక్స్ 360 వచ్చాక మైక్రోసాఫ్ట్ ఎక్స్ ఇన్‌పుట్ అని రెండో పద్ధతి తెచ్చింది. ఇందులో బటన్ల అమరిక ముందే ఖాయం. ఒకేసారి నలుగురికే చోటు. గేములు చేసేవాళ్లకి ఇది సుఖం, కొత్త గేముల్లో చాలావరకు దీన్నే చూస్తాయి. నీ గేమ్‌ప్యాడ్‌కి మొదటి పద్ధతి మాత్రమే వచ్చు. మన ఊరి లెక్కలో చెప్పాలంటే, తిరుమలలో టోకెన్ దర్శనం క్యూ దాకా మనిషి వచ్చాడు, ఆధార్ కార్డూ ఉంది, చేతిలో టోకెన్ లేదు. గేటు దగ్గర ఆపేస్తున్నారు.

ముందు ప్యాడ్‌ని తిరగేసి చూడు. కొన్నిటికి వెనక ఎక్స్, డి అని చిన్న స్విచ్ ఉంటుంది. లాజిటెక్ ఎఫ్310కి ఉంటుంది. ఎక్స్ వైపు జరిపితే సరిపోతుంది. స్విచ్ లేని కొన్ని మోడళ్లలో మధ్య బటన్‌ని కొన్ని సెకన్లు నొక్కి పట్టుకుంటే లైటు మారుతుంది, దాంతోపాటు పద్ధతీ మారుతుంది. డబ్బాలో వచ్చిన కాగితం పారేయకుంటే అందులో రాసి ఉంటుంది. పారేసి ఉంటావులే, అందరూ పారేస్తారు.

రెండూ లేవనుకో, మధ్యలో ఒక దుబాసీని పెట్టాలి. సులువైనది స్టీమ్, అంటే కంప్యూటర్ గేములు అమ్మే, నడిపే ప్రోగ్రామ్. దాని సెట్టింగుల్లో కంట్రోలర్ విభాగానికి వెళ్లి, జెనరిక్ కంట్రోలర్లకి స్టీమ్ ఇన్‌పుట్ ఆన్ చేయి. బటన్లు ఒక్కొక్కటే నొక్కమని అడుగుతుంది, నొక్కు. అక్కడి నుంచి నీ ఐదువందల ప్యాడ్‌ని గేము ముందు ఎక్స్‌బాక్స్ కంట్రోలర్ అని పరిచయం చేసే పని అది చూసుకుంటుంది. గేము వేరేచోట కొన్నదైనా, స్టీమ్ లైబ్రరీలో నాన్ స్టీమ్ గేమ్‌గా చేర్చుకుని అక్కడి నుంచే తెరవాలి. స్టీమ్ మూసేస్తే దుబాసీ ఇంటికి వెళ్లిపోయినట్టే, ప్యాడ్ మళ్లీ మూగబోతుంది. స్టీమ్ వద్దనుకుంటే ఎక్స్ 360 సీఈ అనే ఉచిత ప్రోగ్రామ్ ఉంది, చేసేది ఇదే పని. దాన్ని తయారుచేసినవాళ్ల సైటు నుంచే తీసుకో.

మరో తలనొప్పి ముందే చెప్తున్నా. మెనూలో ఒకసారి కిందికి నొక్కితే రెండు వరసలు దూకుతోందంటే, గేము నీ ప్యాడ్‌ని నేరుగానూ వింటోంది, స్టీమ్ ద్వారానూ వింటోంది. ఆ గేము ప్రాపర్టీస్‌లో కంట్రోలర్ కింద స్టీమ్ ఇన్‌పుట్ ఒక్కటీ ఆపేయి. ఇంకో మాట, కొన్ని గేములు తెరుచుకునేటప్పుడు ఒక్కసారే తల తిప్పి చూస్తాయి. ప్యాడ్ పెట్టాకే గేము తెరువు, తెరిచాక పెడితే లాభం లేదు.

ఇన్ని చేసినా ఒక లోటు ఉండొచ్చు. చాలా చవక ప్యాడ్లలో ట్రిగ్గర్లు, అంటే వెనకవైపు చూపుడు వేళ్లతో నొక్కేవి, మామూలు బటన్లే. ఎంత గట్టిగా నొక్కావన్నది వాటికి తెలియదు. కార్ల గేములో మెల్లగా వెళ్దామన్నా కుదరదు, నొక్కితే ఫుల్లు, వదిలితే నిల్లు. మన ఘాట్ రోడ్డులో అలా నడిపితే ఏమవుతుందో ఊహించుకో. అది సాఫ్ట్‌వేర్‌తో బాగయ్యేది కాదు. తర్వాత ఎప్పుడైనా ఇంకో ఐదువందలు కలిపి కొనేటప్పుడు పెట్టె మీద ఎక్స్ ఇన్‌పుట్ అన్న మాట, అనలాగ్ ట్రిగ్గర్ అన్న మాట వెతుక్కో.

ప్రశ్న: అమెరికాలో ఉన్న అన్నయ్య తన పాత ఎక్స్‌బాక్స్ వన్ కంట్రోలర్ తెచ్చి ఇచ్చాడు. నా ల్యాప్‌టాప్ బ్లూటూత్‌లో ఎంత వెతికినా కనిపించదు. ఇయర్‌బడ్స్, ఫోన్ అన్నీ కనిపిస్తాయి. అక్కడి వస్తువులు ఇక్కడ పనిచేయవా?
– ఒక ఉద్యోగిని, రేణిగుంట

జవాబు: పనిచేస్తాయమ్మా, దేశానికీ దీనికీ సంబంధం లేదు. బ్యాటరీలు తీసి లోపల స్టిక్కర్ మీద మోడల్ నంబరు చూడండి. 1537 గానీ 1697 గానీ అయితే అందులో బ్లూటూత్ అసలు లేదు. 2016లో ఎక్స్‌బాక్స్ వన్ ఎస్‌తో వచ్చిన 1708 నుంచే పెట్టారు. స్టిక్కర్ చెరిగిపోయి ఉంటే ముందువైపు పెద్ద గుండ్రటి బటన్ చుట్టూ చూడండి. అక్కడి ప్లాస్టిక్ కింది మొహంతో కలిసి ఒకే ముక్కగా ఉంటే బ్లూటూత్ ఉన్నట్టు. పైన భుజాల బటన్ల పట్టీతో కలిసి ఉంటే లేనట్టు.

లేనిదైతే మైక్రో యూఎస్‌బీ వైరుతో తగిలించండి, విండోస్ 10, 11 వేరే డ్రైవర్ అడగకుండానే గుర్తుపడతాయి. వైరు గురించి పైన చిత్తూరు అమ్మగారికి రాసింది చదివాకే తగిలించండి. ఉన్నదైతే పైఅంచున ఉన్న చిన్న గుండ్రటి బటన్‌ని మూడు సెకన్లు నొక్కి పట్టుకోండి. లోగో గబగబా మిణుకుతుంది, అప్పుడే వెతకాలి. ఊరికే ఆన్ చేస్తే అది తన పాత యజమాని ఎక్స్‌బాక్స్‌ని వెతుక్కుంటూ కూర్చుంటుంది. ప్లేస్టేషన్ 4 కంట్రోలర్లకీ ఇదే తంతు. వాటికి షేర్, పీఎస్ బటన్లు రెండూ కలిపి నొక్కి పట్టుకోవాలి.

డెస్క్‌టాప్‌కి బ్లూటూత్ డాంగిల్, అంటే యూఎస్‌బీ సాకెట్లో గుచ్చే చిన్న ముక్క, పెట్టుకున్నవాళ్లకి ఒక మాట. డాంగిల్‌ని సీపీయూ వెనక, యూఎస్‌బీ 3.0 హార్డ్ డిస్క్ పక్కన గుచ్చితే కంట్రోలర్ మాటిమాటికీ తెగిపోతుంది. 3.0 సాకెట్లు, వైర్లు వదిలే రేడియో గోల బ్లూటూత్ వాడే 2.4 గిగాహెర్ట్జ్ దగ్గరే పడుతుంది. దానికితోడు ఇనప డబ్బా అడ్డం. ఒక మీటరు ఎక్స్‌టెన్షన్ వైరు కొని డాంగిల్‌ని బల్ల మీదికి తెచ్చుకోండి.

ప్రశ్న: కంట్రోలర్ పెట్టగానే గేములో మనిషి తనంతట తానే ఎడమవైపు నడిచి వెళ్లి గోడకి గుద్దుకుంటున్నాడు. నేను స్టిక్ ముట్టుకోవడం కూడా లేదు. సరిగ్గా కనెక్ట్ కాలేదా?
– ఒక పాఠకుడు, పలమనేరు

జవాబు: చాలా సరిగ్గా కనెక్ట్ అయింది, స్టిక్ అరిగింది. లోపల వేళ్ల కదలికని కొలిచే చిన్న పట్టీ అరిగితే, మీరు వదిలేసినా ఎడమకి తోస్తున్నారనే చెప్తుంది. గేము సెట్టింగుల్లో డెడ్ జోన్ (స్టిక్ కాస్త కదిలినా గేము పట్టించుకోని మేర) అని ఉంటే కొంచెం పెంచండి, చిన్న అరుగుదల అయితే సర్దుకుంటుంది. అప్పటికీ నడిచిపోతుంటే స్టిక్ మాడ్యూల్ మార్చాలి. ఒక్కో దానికి పద్నాలుగు దాకా టంకాలు ఊడదీయాలి, సెల్‌ఫోన్ బోర్డుల మీద చేయి తిరిగినవాళ్లకే ఇవ్వండి. ఇచ్చే ముందు రెండో స్టిక్ కూడా చూసుకోండి, రెండూ ఒకే కూలికి అయిపోతాయి.