సైకియాట్రిక్ నర్సింగ్ చదవాలనుంది, వెళ్ళవచ్చా?

ప్రశ్న: బీఎస్సీ నర్సింగ్ ఫైనలియర్ చదువుతున్నాను. సైకియాట్రీ పోస్టింగ్‌లో మా వార్డులో 22 ఏళ్ళ అమ్మాయి ఉంది. చేతుల నిండా పాత కోతల మచ్చలు. కేస్‌షీట్‌లో ‘బోర్డర్‌లైన్ పర్సనాలిటీ డిజార్డర్’ అని రాశారు. ఒక పూట నన్ను వదలదు, మరో పూట మొహం మీదే తిడుతుంది. సీనియర్ సిస్టర్లు ‘అన్నీ నాటకాలు, పట్టించుకోకు’ అంటారు. నాకైతే ఇలాంటి వాళ్ళతోనే పనిచేయాలనిపిస్తోంది. వీళ్ళకు అసలు నయమవుతుందా? ఏం చదవాలి? పిచ్చాసుపత్రి ఉద్యోగమంటే సంబంధాలు రావని అమ్మ భయపడుతోంది.
- ఒక విద్యార్థిని, రాజమహేంద్రవరం

జవాబు: నయమవుతుంది. మీరు వార్డులో విన్నది దీనికి పూర్తిగా విరుద్ధం కాబట్టి ముందు ఈ మాటే చెబుతున్నాను. అమెరికాలో బోస్టన్ దగ్గరున్న మెక్లీన్ ఆసుపత్రిలో 1992లో ఒక అధ్యయనం మొదలైంది. బోర్డర్‌లైన్ అంటే భావోద్వేగాలూ మనుషులతో సంబంధాలూ నిలకడగా ఉండని జబ్బు. అది ఉన్న 290 మందిని ఏళ్ళ తరబడి గమనిస్తూ వచ్చారు. పదేళ్ళు తిరిగేసరికి వాళ్ళలో 93 శాతం మందికి కనీసం రెండేళ్ళ పాటు ఆ జబ్బు ఉందని చెప్పదగినన్ని లక్షణాలు లేవు. అయితే దాంతోపాటు చదువో ఉద్యోగమో నిలబెట్టుకుని, మనుషులతో సంబంధాలు కూడా కుదుటపడినవాళ్ళు సగం మందే. ఈ రెండు అంకెల్నీ కలిపి గుర్తుపెట్టుకోండి. కోసుకోవడం, చచ్చిపోతాననడం ముందు తగ్గుతాయి. బతుకు గాడిన పడటానికి మాత్రం ఇంకా చాలాకాలం ఎవరైనా తోడుండాలి.

ఇక ‘నాటకాలు’ అనే మాట. ఇది నన్ను నిజంగా బాధపెడుతుంది. ఈ జబ్బుకు డయలెక్టికల్ బిహేవియర్ థెరపీ, అంటే డీబీటీ అనే వైద్యాన్ని రూపొందించిన మార్షా లినెహన్ వీళ్ళను ఒళ్ళంతా కాలిన మనుషులతో పోల్చారు. కాలిన చోట చెయ్యి ఆనితే చాలు, ప్రాణం పోయినంత నొప్పి. పుట్టుకతోనే భావోద్వేగాలు తీవ్రంగా ఉండే పిల్లకు ఇంట్లో ప్రతిసారీ ‘ఇంత దానికే ఏడుస్తారా’ అన్న జవాబే దొరికితే, తన బాధను ఎలా చెప్పాలో, ఎలా అణుచుకోవాలో నేర్చుకోకుండానే ఆ పిల్ల పెద్దదవుతుంది. పిలిస్తే రాని నాన్న, చెయ్యి కోసుకున్న రోజు పరుగెత్తుకొచ్చాడనుకోండి. ఆ అమ్మాయి నేర్చుకున్నది అదే. మామూలప్పుడు పట్టించుకోకుండా, రక్తం కనిపించినప్పుడే చుట్టూ చేరితే మన వార్డు కూడా ఆమెకు అదే పాఠం చెబుతున్నట్టు.

శిక్షణ ఉన్న నర్సు ఇక్కడ ఏం చేస్తుందో చూడండి. రాత్రి డ్యూటీలో ఆ అమ్మాయి మెల్లగా వచ్చి, ‘సిస్టర్, ఇక్కడ నన్ను మనిషిలా చూసేది మీరొక్కరే. నేను చెప్పింది పగటి సిస్టర్లకు చెప్పకండి’ అంటుంది. కొత్తవాళ్ళకు ఆ మాట ఎంతో తృప్తినిస్తుంది, రహస్యం దాస్తారు. రెండు రోజుల్లో స్టాఫ్ రెండు జట్లవుతారు, ఒకరికి మరొకరంటే పడదు. చివరికి దెబ్బ తినేది పేషెంటే. అనుభవం ఉన్న నర్సు ఇలా అంటుంది: ‘నాతో చెప్పుకోవడం మంచి పనే. కానీ నేను టీమ్‌కి తెలియకుండా ఏదీ దాచను. రేపు పొద్దున్న డ్యూటీ అప్పగించే హ్యాండోవర్‌లో చెబుతాను, కావాలంటే నువ్వే చెప్పు, నేను పక్కన ఉంటాను.’

గాయానికి డ్రెస్సింగ్ చేసేటప్పుడు కూడా అంతే. తిట్టకూడదు, అతిగా బుజ్జగించకూడదు. శుభ్రంగా కట్టు కట్టి, ప్రాణానికి ప్రమాదం ఎంతుందో డాక్టరుకు చెప్పి, ఆమె కుదుటపడ్డాక పక్కన కూర్చుని ఆ రోజంతా వెనక్కి నడిపించాలి. కోసుకున్నది సాయంత్రం ఆరింటికి. దానికి ముందు ఏమైంది? స్నేహితుడు ఫోన్ కట్ చేశాడు. అంతకుముందు? మధ్యాహ్నం అన్నం తినలేదు. రాత్రి? నిద్ర లేదు. ఈ గొలుసులో ఏ లింకు దగ్గర తెగి ఉంటే సాయంత్రం అలా జరిగేది కాదో ఇద్దరూ కలిసి వెతకాలి. డీబీటీలో దీన్ని చెయిన్ ఎనాలిసిస్ అంటారు. బయటి నుంచి చూస్తే కబుర్లు చెప్పుకుంటున్నట్టే ఉంటుంది, వైద్యం నడిచేది అక్కడే. మందులు వాడేది ఈ జబ్బుకు తోడుగా ఉన్న డిప్రెషన్ లాంటి వాటికే. బోర్డర్‌లైన్ కోసమని ప్రత్యేకంగా మందులు వాడవద్దని వైద్య మార్గదర్శకాలు రూపొందించే ఇంగ్లండ్‌లోని నైస్ సంస్థ 2009లోనే తన మార్గదర్శకాల్లో చెప్పింది. ఇక మనుషుల్ని కట్టేయడం. మన 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టంలోని 97వ సెక్షన్ ప్రకారం, ప్రమాదం ముంచుకొచ్చినప్పుడు మరో దారి లేకపోతేనే, అదీ సైకియాట్రిస్టు అనుమతితోనే అది చెయ్యాలి. శిక్షగా కట్టడం నేరం కిందికే వస్తుందని ప్రతి నర్సుకూ తెలిసి ఉండాలి.

నర్సుగా మీకు ఉత్సాహాన్నిచ్చే సంగతి ఒకటుంది. బేట్‌మన్, ఫోనగీ అనే ఇద్దరు లండన్ నిపుణులు మెంటలైజేషన్ ఆధారిత చికిత్స (తన మనసులో, ఎదుటివాళ్ళ మనసులో ఏముందో గ్రహించడం నేర్పేది) మీద చేసిన అధ్యయనం 1999లో వెలువడింది. అందులో థెరపీ చేసినవాళ్ళు సైకియాట్రిక్ నర్సులే. సైకోథెరపీలో వాళ్ళకు పెద్ద డిగ్రీలేమీ లేవు. ఉన్నదల్లా కొంత శిక్షణ, వెనక నిలబడి క్రమం తప్పకుండా సూపర్‌విజన్ ఇచ్చే, అంటే చేసిన పనిని కలిసి చర్చించి దిద్దే సీనియర్లు. చికిత్స ముగిసిన ఎన్నో ఏళ్ళకు మళ్ళీ చూస్తే, ఆ చికిత్స పొందినవాళ్ళలో 13 శాతం మందికే ఆ జబ్బు లక్షణాలు మిగిలాయి. మామూలు వైద్యం పొందినవాళ్ళలో 87 శాతం మందికి ఉన్నాయి. చిన్న అధ్యయనమే, అయినా నేను మీకు చెప్పదలచుకున్నది ఇందులోనే ఉంది: ఈ పనిలో పక్కనుండి నేర్పేవాళ్ళే ముఖ్యం, డిగ్రీ పేరు తర్వాత. కాలేజీని ఎంచుకునేటప్పుడు ర్యాంకు కన్నా ముందు ‘వారం వారం సూపర్‌విజన్ ఎవరిస్తారు?’ అని అడగండి.

ఇక చదువు. డిగ్రీ అయి రిజిస్ట్రేషన్ వచ్చాక ఒక ఏడాది నర్సుగా పనిచేస్తే ఎంఎస్సీ సైకియాట్రిక్ నర్సింగ్‌కు అర్హత వస్తుంది. కోర్సు రెండేళ్ళు. అంత సమయం లేకపోతే ఏడాది పోస్ట్ బేసిక్ డిప్లొమా ఉంది. బెంగళూరులోని జాతీయ మానసిక ఆరోగ్య సంస్థ నిమ్హాన్స్‌లో రెండింటికీ ప్రయత్నించండి. సీటు రావడం కష్టమే, కానీ అన్ని రకాల కేసులూ చూసే అవకాశం ఉండే చోటు అది. అర్హతకు కావాల్సిన ఆ ఏడాదిని కూడా వీలైతే సైకియాట్రీ విభాగంలోనే గడపండి. విశాఖ, హైదరాబాద్ ఎర్రగడ్డల్లో ప్రభుత్వ మానసిక ఆసుపత్రులున్నాయి.

చాలామంది అడిగే సైకాలజీ దారి గురించి ఒక హెచ్చరిక. దూరవిద్యలో ఎంఏ సైకాలజీ చేసి థెరపిస్ట్ అయిపోవచ్చని ప్రకటనలు చూసి మోసపోకండి. 2025 విద్యాసంవత్సరం నుంచి సైకాలజీని దూరవిద్యలో, ఆన్‌లైన్‌లో నడపవద్దని యూజీసీ ఆదేశించింది. క్లినికల్ సైకాలజిస్టుగా పనిచేయాలంటే ఆర్‌సీఐ (భారత పునరావాస మండలి) రిజిస్ట్రేషన్ తప్పనిసరి. వారాంతపు సర్టిఫికెట్‌తో ‘డీబీటీ థెరపిస్ట్’ అని బోర్డు పెట్టుకోవడం, చావు అంచున ఉన్న మనిషితో ఆడుకోవడమే.

మీ మనసు సంగతీ అడుగుతాను. ఆ అమ్మాయి తిట్టినప్పుడు మీకు కోపం వచ్చిందా? రావడం సహజం. ఆ కోపాన్ని అదే రోజు సీనియర్‌తో చెప్పుకోగలిగితే ఈ వృత్తిలో నిలబడతారు. ‘నేనొక్కదాన్నే ఆమెను బాగుచేస్తాను’ అనుకుని వస్తే రెండేళ్ళలో అలసిపోతారు. డీబీటీలో థెరపిస్టుల కోసం కూడా వారం వారం టీమ్ సమావేశం పెట్టింది అందుకే.

అమ్మ భయం చిన్నదేమీ కాదు, కొట్టిపారేయకండి. ఆమెతో వాదించే బదులు, మీ పోస్టింగ్ ఉన్న ఆసుపత్రిలో పగటి ఓపీకి ఒకసారి తీసుకెళ్ళండి. నిద్రపట్టని బ్యాంకు ఉద్యోగి, ప్రసవం తర్వాత దిగులు పడ్డ తల్లి, పరీక్షల భయంతో వచ్చిన కుర్రాడు అక్కడ వరుసలో కూర్చుని కనిపిస్తారు. ఉద్యోగాల విషయానికొస్తే, జిల్లా మానసిక ఆరోగ్య కార్యక్రమంలో సైకియాట్రిక్ నర్సు పోస్టులుంటాయి, కాకపోతే చాలావరకు కాంట్రాక్టువే. ఎయిమ్స్ నర్సింగ్ ఆఫీసర్ల కోసం నార్‌సెట్ పరీక్ష ఉంది. బ్రిటన్ వెళ్ళాలనుకుంటే, అక్కడ మెంటల్ హెల్త్ నర్సింగ్‌కు ప్రత్యేక రిజిస్ట్రేషనే ఉంది.

మీ పోస్టింగ్ ఇంకా మిగిలి ఉంటే, క్లినికల్ ఇన్‌స్ట్రక్టర్‌ను అడిగి ఆ అమ్మాయి కేసునే కేస్ స్టడీగా తీసుకోండి. రోజూ ఒకే సమయానికి పది నిమిషాలు మాట్లాడండి, ఆమె బాగున్న రోజున కూడా. పోస్టింగ్ ఎప్పుడు ముగుస్తుందో మొదటి రోజే చెప్పండి, చెప్పకుండా మాయమైపోతే ఆమెకది పెద్ద దెబ్బ. డిశ్చార్జి రోజున ఆమెకూ ఇంట్లోవాళ్ళకూ ప్రభుత్వ మానసిక సహాయ ఫోన్ సేవ టెలీ మానస్ నంబరు 14416 కాగితం మీద రాసివ్వండి.