వేరే ఉపాధి చూపిస్తే జనం అడవి జోలికి పోరా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇది: అడవిని ఆనుకుని ఉన్న కొన్ని ఊళ్లలో మీ బృందం జీవవైవిధ్య పరిరక్షణ పని మొదలుపెట్టబోతోంది. వేరే ఉపాధి చూపిస్తే జనం అడవి జోలికి పోరన్న లెక్కతో కుట్టు మిషన్లు, కోళ్ల పెంపకం లాంటివి ప్లాన్‌లో పెట్టారు. ఇది పనిచేస్తుందా, లేదంటే ఎక్కడ మొదలుపెట్టాలి అని అడిగారు.

అడవిలో దొరికేవి సేకరించుకుని బతికే కుటుంబాలతో నేను చాలా ఏళ్లుగా పనిచేస్తున్నాను. నా జవాబు సూటిగా చెప్తాను. కుట్టు మిషన్లు ఇవ్వండి, తప్పులేదు. పేదింట్లో నాలుగు డబ్బులు ఎక్కువ ఆడితే మంచిదే. కానీ దానివల్ల అడవి మిగులుతుందని మాత్రం నమ్మకం పెట్టుకోకండి. అడవి పచ్చగా ఉంటేనే వచ్చే రాబడి, ఆ అడవి మీద నిర్ణయం తీసుకునే హక్కు, ఈ రెండూ ఊరి చేతిలో ఉన్నచోటే అడవి నిలబడడం నేను చూశాను. రెండింట్లో ఏ ఒక్కటి లేకపోయినా పని ఎక్కువ కాలం సాగలేదు.

కుట్టు మిషన్ వచ్చిందని ఆ ఇంటికి కట్టెల మోపు రావడం ఆగదు. ఆమె కుడుతూ ఉంటుంది, ఇంట్లో ఇంకొకరు అడవికి వెళ్తారు. కొత్త ఆదాయం వచ్చి పాతదానికి తోడవుతుందే గానీ దాన్ని మాన్పించదు. పైగా చేతిలో డబ్బు ఆడితే చాలామంది మొదట కొనేది మేకల్ని. అవి మేసేది ఆ అడవిలోనే. ఇంకో నష్టం కూడా ఉంది, దాని గురించి ఎవరూ పెద్దగా మాట్లాడరు. కొత్త గొడ్డలి గాటునైనా, పొదల్లో బిగించిన వైరు ఉచ్చునైనా మొదట చూసేది రోజూ అడవిలో తిరిగే మనిషే. ఆ మనిషికి అడవితో పని లేకుండా చేస్తే, బయటివాళ్లు రాత్రికి రాత్రి దుంగలు తోలుకుపోతున్నా ఊళ్లో అడిగేవాడు ఉండడు. ఉన్న కళ్లను దూరం చేసుకుని తర్వాత జీతానికి కాపలా పెట్టుకోవడం నాకెప్పుడూ సమంజసంగా అనిపించలేదు.

కొండతేనె సంగతి కొంచెం వివరంగా చెప్తాను, నాకు ఈ వ్యవహారమంతా అక్కడే అర్థమైంది. రాతి చరియలకు, పెద్ద చెట్ల కొమ్మలకు వేలాడే పెద్ద తేనెటీగల పట్టులో తేనె పైభాగాన ఒక పక్కకు లావుగా చేరి ఉంటుంది. కింద పలచగా వేలాడే భాగంలో గుడ్లు, పిల్లలు ఉంటాయి. పైది మాత్రం కోసుకుని కిందిది వదిలేస్తే ఈగలు మళ్లీ నిలదొక్కుకోవడానికి వీలుంటుంది. తేనె తీసేవాళ్లకు ఇది మనం చెప్పక్కర్లేదు, మనకంటే వాళ్లకే బాగా తెలుసు. అయినా నేను వెళ్లిన కొత్తలో పట్టు మొత్తం కోసేసేవాళ్లు, అదీ తేనె ముదరకముందే. ఎందుకని ఒకాయన్ని అడిగాను. "నేను ఆగితే రేపు ఇంకొకడు కోసుకుపోతాడు. పల్చటి తేనెకైనా చిక్కటి తేనెకైనా కొనేవాడు ఇచ్చేది ఒకటే రేటు. ఇంకెందుకు ఆగాలి?" అన్నాడు. ఆగినవాడికి ఆ చెట్టు మీద హామీ లేదు, ఆగినందుకు లాభమూ లేదు. అవగాహన సదస్సులు ఎన్ని పెట్టినా ఈ రెండూ మారవు.

ఏం చేస్తే మారిందంటే, ముందు ఆ ఊళ్లవాళ్లు కూర్చుని ఏ చెట్టు తేనె ఏ కుటుంబం తీసుకోవాలో తేల్చుకున్నారు. ఫలానా రోజుకు ముందు ఎవరూ చెట్టు ఎక్కకూడదని తేదీ పెట్టుకున్నారు. ఏటా పూత ఎలా ఉందో చూసి ఆ తేదీని వాళ్లే నిర్ణయిస్తారు. కొనుగోలు జరిగే చోట ఒక రిఫ్రాక్టోమీటర్ పెట్టాం. దాని అద్దం మీద చుక్క తేనె వేసి, మూత దించి, వెలుతురు వైపు పెట్టి కన్ను ఆనించి చూస్తే తేనెలో నీరు ఎంత శాతమో గీతల మీద కనిపిస్తుంది. నీరు తక్కువ ఉంటే రేటు ఎక్కువ. నీరు ఎక్కువున్న తేనె త్వరగా పులుస్తుంది కాబట్టి కొనేవాళ్లకూ ఇది నచ్చింది. ఎవరి డబ్బా వాళ్లు తెచ్చి, ఎవరి కంటితో వాళ్లే చూసుకునేవాళ్లు. ఈగలు గదులకు మైనం మూతలు వేసేదాకా ఆగినవాడికి ఎక్కువ డబ్బులు రావడం ఊరంతా చూసింది. ఆ తర్వాత తేదీకి ముందు చెట్టెక్కినవాణ్ని అడ్డుకోవడానికి మా అవసరం రాలేదు.

కొనేవాళ్లు డబ్బు దేన్నిబట్టి ఇస్తున్నారన్నది ఇంత ముఖ్యం. గ్వాటెమాలాలో మాయా బయోస్ఫియర్ రిజర్వు అనే పెద్ద రక్షిత అటవీ ప్రాంతం ఉంది, 1990లో ఏర్పాటైంది. అక్కడ షాటే అనే చిన్న తాటిజాతి మొక్క ఆకులను పూల అలంకరణల కోసం ఎగుమతి చేస్తారు. ఆకుల సంఖ్యను బట్టి డబ్బిచ్చినంతకాలం మంచీ చెడూ చూడకుండా కోసేవాళ్లు, తర్వాత ఏరివేతలో చాలా భాగం పారేయాల్సి వచ్చేది. నాణ్యతను బట్టి ఇవ్వడం మొదలయ్యాక వృథా బాగా తగ్గింది. అదే రిజర్వులో కొంత అడవిని స్థానిక సంఘాలకు దీర్ఘకాలిక ఒప్పందాల మీద అప్పగించారు. వాళ్లు కలప కూడా కొడతారు, కానీ లెక్క ప్రకారం. చుట్టుపక్కల అడవి పశువుల మేతకోసం తగలబడిపోతుంటే, చాలాకాలంగా ఈ సంఘాల చేతిలో ఉన్న అడవుల్లో నరికివేత చాలా తక్కువగా ఉంది.

మంగోలియాలో మంచుచిరుత తిరిగే ప్రాంతాల్లో ఇంకో పద్ధతి పెట్టారు. పశువుల కాపరుల కుటుంబాలు ఉన్నితో వస్తువులు చేసి అమ్ముతాయి. ఆ ప్రాంతంలో మంచుచిరుతనుగానీ, అది తినే జంతువులనుగానీ ఎవరూ వేటాడకపోతే అందరికీ ధర మీద అదనంగా 20 శాతం బోనస్. ఒక్కరు వేటాడినా ఆ సంఘం మొత్తానికి బోనస్ పోతుంది. అందుకే నాకు ఆ పద్ధతి బాగా నచ్చింది. మీ ప్లాన్‌లో ఉన్న కోళ్ల పెంపకాన్ని కూడా ఇలాంటి షరతుకు ముడిపెట్టొచ్చు. అప్పుడు దానికీ అడవికీ ఒక సంబంధం ఉంటుంది.

ఇక హక్కు సంగతి. మీ ప్లాన్‌లో ఇది అసలు కనిపించలేదు, నా టెన్షన్ అంతా దీని గురించే. నమీబియాలో ఒకప్పుడు ఉమ్మడి భూముల్లో ఉండే జనానికి వన్యప్రాణుల మీద ఏ హక్కూ లేదు. 1980లలో కరువూ వేటా కలిసి జంతువులు తగ్గిపోతున్నప్పుడు గార్త్ ఓవెన్-స్మిత్ అనే వన్యప్రాణి సంరక్షకుడు అక్కడి ఊరి పెద్దలతో మాట్లాడారు. ఊరి మనుషుల నుంచే కాపలాదారులను పెద్దలే నియమించారు. వాళ్లు జవాబు చెప్పాల్సింది కూడా ఆ పెద్దలకే. 1996లో వచ్చిన చట్టం ఇంకో అడుగు వేసి, సరిహద్దు, సభ్యుల జాబితా, నియమావళి, లాభాలు పంచుకునే ప్లాను ఉన్న సంఘాలకు వన్యప్రాణుల మీద హక్కులు ఇచ్చింది. 1998లో మొదటి సంఘాలు నమోదయ్యాయి. ఇప్పుడు 80కి పైగా ఉన్నాయి, దేశంలో దాదాపు ఐదో వంతు భూమి వాటి పరిధిలో ఉంది.

నేపాల్‌లో 1993 అటవీ చట్టం అడవుల నిర్వహణను వినియోగదారుల సంఘాలకు అప్పగించింది. అలాంటి సంఘాలు 22 వేలకు పైగా ఏర్పడ్డాయి. ఉపగ్రహ చిత్రాల ఆధారంగా చేసిన లెక్క ప్రకారం అక్కడ అడవి 1992లో 26 శాతం ఉంటే 2016కి 45 శాతానికి చేరింది. పనుల కోసం జనం వలసపోవడం కూడా ఇందుకు కొంత కారణం, ఆ మాటా చెప్పుకోవాలి. అయినా సంఘాల పాత్ర పెద్దది. మేత ఎప్పుడు కోయాలి, ఎండు కట్టె ఎన్ని రోజులు తెచ్చుకోవచ్చు అన్నది వాళ్లే రాసుకుంటారు.

కాగితం మీద హక్కు వచ్చినంత మాత్రాన కథ అయిపోదు. సంఘం పేరుతో ఊళ్లో పలుకుబడి ఉన్న నాలుగిళ్లవాళ్లే అన్నీ నిర్ణయించడం నేను చూశాను. అడవి మూసేస్తే ముందు ఇబ్బంది పడేది భూమి లేనివాళ్లు, కట్టెలు తెచ్చుకునే ఆడవాళ్లు. వాళ్లు లేని మీటింగులో పెట్టిన నియమాన్ని తెల్లారేసరికి వాళ్లే దాటాల్సి వస్తుంది, వేరే దారి లేక. మీటింగు పెట్టే వేళ కూడా ఇందులో భాగమే. ఆడవాళ్లు పనుల్లో ఉండే సమయంలో పెడితే వాళ్ల మాట వినకూడదని ముందే అనుకున్నట్టే లెక్క. జరిమానాలు కూడా మొదటి తప్పుకే ఇల్లు గుల్లయ్యేలా పెట్టకండి. ఉమ్మడి వనరుల మీద చేసిన పనికి 2009లో ఆర్థికశాస్త్ర నోబెల్ అందుకున్న ఎలినార్ ఆస్ట్రమ్ ఎక్కువకాలం నిలిచిన సంఘాల్లో గమనించినవాటిలో ఇదీ ఒకటి: మొదటి తప్పుకు చిన్న శిక్ష, మళ్లీ చేస్తే పెద్దది.

లెక్కింపు గురించి తప్పకుండా చెప్పాలి. సైంటిస్టులు వచ్చి లెక్కపెట్టి రిపోర్టు తీసుకుపోతే ఊరికి మిగిలేది ఏమీ లేదు. బ్రెజిల్‌లో అమెజాన్ నదీ ప్రాంతంలోని మమిరౌవాలో పిరరుకూ అనే చేప ఉంది, దాదాపు మూడు మీటర్ల దాకా పెరుగుతుంది. అది ఊపిరి కోసం కొన్ని నిమిషాలకోసారి నీటిపైకి రావాల్సిందే. అక్కడి జాలర్లు ఆ నీటి కదలికను, చప్పుడును బట్టి పెద్ద చేపనూ చిన్న చేపనూ వేరు చేసి, చెరువులో ఎన్ని ఉన్నాయో లెక్క కడతారు. పరిశోధకులు చేపలను పట్టి గుర్తులు వేసి చేసిన అంచనాలతో పోల్చి చూస్తే అనుభవం ఉన్న జాలర్ల లెక్క చాలా దగ్గరగా వచ్చింది. 1999 నుంచి ఆ లెక్క ఆధారంగానే ఏటా ఎన్ని పట్టొచ్చో అనుమతి ఇస్తున్నారు, పెద్ద చేపల్లో 30 శాతానికి మించకుండా. అలా నిర్వహిస్తున్న చెరువుల్లో చేపలు ఎన్నో రెట్లు పెరిగాయి. తన లెక్క మీదే తన వాటా ఆధారపడి ఉంటే మనిషి ఎంత జాగ్రత్తగా లెక్కపెడతాడో చూడండి. మీ దగ్గర ఒక రూళ్ల పుస్తకం చాలు. ఏ దారిలో నడిచాం, ఏ జంతువు జాడ కనిపించింది, ఎన్ని ఉచ్చులు తీశాం. ఆ పుస్తకం మాత్రం ఊళ్లోనే ఉండాలి.

పర్యాటకం మీద ఎక్కువ ఆశ పెట్టుకోవద్దు. 2020లో కరోనా వచ్చి ప్రయాణాలు ఆగిపోయినప్పుడు దాని మీదే ఆధారపడ్డ సంఘాలకు ఒక్కసారిగా రాబడి ఆగింది. ఉంటే మంచిదే, కానీ అదొక్కటే ఉండకూడదు.

అడవి పెరిగితే పంటలోకి పందులు వస్తాయి, మందలోకి చిరుత వస్తుంది. ఆ నష్టాన్ని భరించేది కూడా పేదవాడే. రాబడి మొదలవకముందే దీనికి ఏర్పాటు చేసుకోవాలి. గట్టి దొడ్డి, రాత్రి కాపలాకు వంతులు, నష్టపోయినవాడికి వెంటనే ఇవ్వడానికి సంఘం దగ్గర చిన్న నిధి. నేను పనిచేసిన ఒకచోట మూడేళ్ల ప్రాజెక్టు డబ్బు అయిపోగానే ఆ నిధి కూడా ఆగిపోయింది, దాంతో పాటే ఊరి సహనమూ అయిపోయింది. ఆ కోపం న్యాయమైనదే. అందుకే నిధిలోకి సంఘం అమ్మకాల నుంచి కొంత వాటా మొదటి ఏడాది నుంచే పడేలా చూడండి, ఎంత చిన్నదైనా సరే.

ఇదంతా చాలా నెమ్మదిగా జరిగే పనేమో అని భయపడకండి. 2012లో నాగాలాండ్‌లోని డోయాంగ్ జలాశయం దగ్గర వలస వచ్చిన అముర్ డేగలను వేల సంఖ్యలో వలలు వేసి పట్టేవాళ్లు. విషయం బయటపడ్డాక పాంగ్టీ, ఆ చుట్టుపక్కల ఊళ్ల పెద్దలు, చర్చి, యువకులు, కొన్ని సంస్థలు కలిసి కూర్చున్నాయి. ఊరి కౌన్సిళ్లే నిషేధం పెట్టాయి. మరుసటి ఏడాది అక్కడ వలలు పడలేదు. వేటతో వచ్చే రాబడి ఆగిన కుటుంబాలకు దాని బదులు తగినంత దొరికిందా అన్న ప్రశ్న మిగిలే ఉంది, వాళ్ల త్యాగం చిన్నది కాదు. కానీ నిర్ణయం ఊరిదే అయినప్పుడు మార్పు ఎంత త్వరగా వస్తుందో అక్కడ చూడొచ్చు.

మీ విషయానికొస్తే, మొదటి సీజన్ అంతా వినడానికే పెట్టుకోండి. ఊరివాళ్లతో కలిసి అడవి సరిహద్దు నడిచి మ్యాపు గీయించండి, పక్క ఊరివాళ్లను కూడా పిలవండి, గొడవలు అక్కడే బయటపడతాయి. అటవీ చట్టంలో ఊరికి ఏ హక్కు అడగడానికి వీలుందో తెలిసినవాళ్లతో కూర్చుని చూసి, ఆ దరఖాస్తు పని ఈ ఏడాదే మొదలుపెట్టండి, ఎందుకంటే అన్నిటికంటే ఎక్కువ సమయం పట్టేది అదే. కుట్టు మిషన్లకు పెట్టిన డబ్బులో సగమైనా దీనికీ, లెక్కింపుకీ, నష్టపరిహార నిధికీ మళ్లించమని నా సలహా. ఈలోపు మీ ఊళ్లలో అడవి నుంచి ఏమేం తెస్తారు, కొనేవాళ్లు బరువును బట్టి ఇస్తారా, నాణ్యతను బట్టి ఇస్తారా అన్నది కనుక్కుని ఇక్కడే రాయండి. దాన్ని చూసి ఏ ఉత్పత్తితో మొదలుపెడితే మేలో చెప్తాను.