నిమ్మరసం చివర్లో: పళ్ళ గ్లేజ్ గురించి మేనకోడలికి

రాజమండ్రి

అమ్మలూ,

నువ్వు పంపిన ఫోటో చూశాను. చీజ్‌కేక్ బాగా కుదిరింది, అంచులు కోసినట్టు నిలిచాయి. పైన మెరుపు పూతగా పోసిన మామిడి గ్లేజ్ ఒక్కటే పక్కలకు నీరుకారి ప్లేటులో మడుగు కట్టింది. జెలటిన్ వేయాలా, లేక బజారులో దొరికే న్యూట్రల్ జెల్ డబ్బా కొనాలా అని అడిగావు. రెండూ వద్దు. ఆ డబ్బా జెల్ మెరుస్తుందే గానీ దానికంటూ రుచి ఉండదు, పైగా పండు వాసనను కూడా మింగేస్తుంది. జెలటిన్ జంతువుల నుంచి తీసేది. ఆర్డరిచ్చేవాళ్ళలో శాకాహారులుంటే ప్రతిసారీ చెప్పుకోవాలి, ఎవరికైనా చెప్పడం మర్చిపోతే అదో టెన్షన్.

నువ్వు రాసిన పద్ధతి రెండుసార్లు చదివాను. పళ్ళూ, పంచదారా, కార్న్‌ఫ్లోర్ అన్నీ సరిగ్గానే ఉన్నాయి. అన్నీ ఒకేసారి గిన్నెలో పోసి, నిమ్మరసం కూడా అప్పుడే పిండేసి, చిక్కబడగానే దించేశావు. తేడా అక్కడే వచ్చింది.

కార్న్‌ఫ్లోర్ కాస్త వేడెక్కగానే చిక్కబడ్డట్టు కనిపిస్తుంది, కానీ అప్పటికి అది సగమే ఉడికినట్టు. గిన్నె మధ్యలో కూడా బాగా మరిగితే తప్ప దాని పట్టు పూర్తిగా రాదు. సగం ఉడికిన పిండికి రెండు లక్షణాలుంటాయి: తింటే నాలుక మీద పచ్చిపిండి తగులుతుంది, మర్నాటికి నీరు వదిలేస్తుంది. ఇక పులుపు ఉందే, అది వేడిలో పిండి పట్టును తెంచేస్తుంది. నిమ్మరసంతో పాటు ఎంత ఎక్కువసేపు మరిగిస్తే అంత పలచబడుతుంది. నువ్వేమో పలచగా ఉందని ఇంకాస్త మరిగించి ఉంటావు. అందుకే నిమ్మరసం ఎప్పుడూ స్టౌ ఆపాకే.

నేను చేసే పద్ధతి చెప్తాను. ఎనిమిది అంగుళాల చీజ్‌కేక్‌కి సరిపోతుంది, కొంచెం మిగులుతుంది కూడా. ఒక కప్పు మామిడి గుజ్జు, అర కప్పు నీళ్ళు, మూడు పెద్ద చెంచాల పంచదార, తల కొట్టిన ఒక పెద్ద చెంచా కార్న్‌ఫ్లోర్, ఒక చిన్న చెంచా నిమ్మరసం, చిటికెడు ఉప్పు. ఉప్పు మానకు, పండు తీపి అప్పుడే తేలుతుంది. గిన్నె స్టీలుదై ఉండాలి. అల్యూమినియం గిన్నెలో పులుపు మరిగిస్తే రంగూ రుచీ రెండూ మారతాయి.

చల్లటి నీళ్ళలో కార్న్‌ఫ్లోర్ కలిపి, పంచదార వేసి, ముందు దాన్ని ఒక్కదాన్నే స్టౌ మీద పెట్టు. గుజ్జు అప్పుడే వేయకు. విస్కర్‌తో కలుపుతూనే ఉండు. మొదట పాలలా తెల్లగా ఉంటుంది, ఉన్నట్టుండి అడుగున గడ్డకడుతున్నట్టు విస్కర్‌కి బరువు తగులుతుంది. అక్కడ కంగారుపడి దించకూడదు. మంట తగ్గించి తిప్పుతూ ఉంటే ఆ తెలుపు పోయి, అవతల ఏముందో కనిపించేంత అద్దంలా అవుతుంది. బుడగలు కూడా మారతాయి. ముందు చిన్నచిన్నవి నురగలా వస్తాయి, తర్వాత పెద్దవి నెమ్మదిగా బుడుక్ బుడుక్ మని పేలుతాయి. అలా ఒక నిమిషం ఉడకనిచ్చి, అప్పుడు మామిడి గుజ్జు కొంచెం కొంచెంగా పోస్తూ కలుపు. మళ్ళీ ఒక్క పొంగు రాగానే ఆపెయ్. పిండి పులుపు లేకుండా ఉడికిపోయింది, మామిడి ఎక్కువ ఉడకలేదు. మామిడిని పది నిమిషాలు మరిగిస్తే జామ్ వాసన వస్తుంది, పండు వాసన పోతుంది. ఇప్పుడు నిమ్మరసం, ఉప్పు, ఇష్టమైతే అర చెంచా వెన్న. వెన్నతో మెరుపు పెరుగుతుంది.

ఒక పొడి స్టీలు ప్లేటు ముందే ఫ్రిజ్‌లో పెట్టుకుని ఉండు. దాని మీద ఒక చుక్క వేసి, నిమిషం ఆగి, వేలితో గీత గీయి. గీత అలాగే నిలిస్తే సరే, కలిసిపోతే ఇంకా పలచన. గిన్నెలో వేడిగా ఉన్నప్పుడు దోసె పిండి జారుడుగా ఉంటే చాలు, చల్లారాక ఎలాగూ చిక్కబడుతుంది.

రుచి చూసిన చెంచా మళ్ళీ గిన్నెలో ముంచకు. మన ఇళ్ళలో ఎంగిలి అని పెద్దవాళ్ళు కోప్పడేది ఎందుకైనా, ఇక్కడ దానికి గట్టి కారణమే ఉంది. పిండిపదార్థాన్ని అరిగించే ఎంజైమ్ మన లాలాజలంలో ఉంటుంది. చల్లారిన గ్లేజ్‌లో ఎంగిలి చెంచా పడితే అది తన పని మొదలుపెడుతుంది, గ్లేజ్ పలచబడుతుంది. పిల్లలు వేలు పెట్టి నాకిన గిన్నె కూడా అంతే.

గుజ్జుకి బంగినపల్లి మంచిది. పీచు లేదు, రంగు ఉంది. రసాలైతే వాసన అద్భుతం, కానీ పీచు ఉంటుంది కనుక టీ వడకట్టులో కాదు, పెద్ద జల్లెడలో గరిటెతో రుద్ది తీయాలి. కలెక్టర్ మామిడిని చిన్నచూపు చూడకు. చిత్తూరు వైపు గుజ్జు ఫ్యాక్టరీలకు వెళ్ళేది ఎక్కువగా అదే. కాస్త పులుపు ఉంటుంది కాబట్టి కేకు తీపికి విరుగుడుగా పనికొస్తుంది. బంగినపల్లి సగం, కలెక్టర్ సగం కలిపితే నాకు ఇంకా నచ్చుతుంది. మిక్సీ వేశాక గుజ్జును ఒక పావుగంట వదిలెయ్, లోపల చేరిన గాలి బుడగలు పైకి వచ్చేస్తాయి. లేకపోతే గ్లేజ్ మీద సూదిమొన బెజ్జాలు కనిపిస్తాయి.

అన్ని పళ్ళూ ఇలా మాట వినవు. ఉడికించని అనాస క్రీమ్ మీద పెడితే కాసేపటికి చేదెక్కుతుంది. దానిలో ఉండే ఎంజైమ్ పాలలోని మాంసకృత్తులను విడగొడుతుంది. అందుకని అనాసను ముందు పంచదారతో బాగా ఉడికించాకే వాడాలి. దానికి నీరు కూడా ఎక్కువ, కార్న్‌ఫ్లోర్ ఒకటిన్నర పెద్ద చెంచా పడుతుంది. నల్ల ద్రాక్షకీ అంతే. సీతాఫలం అసలు ఉడికించకు, వేడి తగిలితే చేదు తిరుగుతుంది. స్ట్రాబెర్రీలు మహాబలేశ్వరం నుంచి చలికాలంలో వస్తాయి, అప్పుడే వాడు. వాటికీ నేరేడుకీ చివర్లో వేసే నిమ్మరసం రంగును కూడా నిలబెడుతుంది, ఎరుపు తేటపడుతుంది. ఫుడ్ కలర్ చుక్కలు ఎందుకు వేస్తారో నాకు ఇప్పటికీ అర్థం కాదు.

పోయడం గురించి నువ్వు అడగలేదు గానీ, అసలు సగం గొడవలు అక్కడే. వీడియోల్లో గది వేడికి రానిచ్చి పోయమంటారు. వాళ్ళ గదులు చల్లటి దేశాలవి. మే నెలలో మన వంటింట్లో మధ్యాహ్నం ఎంత వేడి ఉంటుందో నీకు తెలుసుగా, ఆ వేడికి వచ్చిన గ్లేజ్ పోస్తే విప్పింగ్ క్రీమ్ కరిగి కిందికి జారుతుంది. గ్లేజ్ గిన్నెను ఐసు ముక్కలు వేసిన నీళ్ళ పళ్ళెంలో పెట్టి, మధ్యమధ్య కలుపుతూ చల్లార్చు. చీజ్‌కేక్‌కైతే వేలు పెడితే వేడీ చలీ తెలియనంతలో పోయొచ్చు. క్రీమ్ కేక్‌కి ఇంకా చల్లగా, కానీ గడ్డకట్టకముందే. కేకు మాత్రం ఫ్రిజ్‌లోంచి అప్పుడే తీసినదై ఉండాలి. మధ్యలో ఒక్కచోటే పోసి కేకును వంచి తిప్పు, స్పాచులాతో పదేపదే రాస్తే గీతలు పడతాయి. చల్లారేటప్పుడు పైన తొరక కట్టకుండా ప్లాస్టిక్ షీట్‌ను గ్లేజ్‌కి అంటించి కప్పు.

పోశాక కేకును మొదటి రెండు గంటలు మూత పెట్టకుండా ఫ్రిజ్‌లో ఉంచు. వెంటనే డబ్బాలో బిగిస్తే లోపల ఆవిరి పట్టి పైన నీటిచుక్కలు తేలతాయి, నీ ఫోటోలో అవి కూడా కనిపించాయి. డీప్ ఫ్రీజర్‌లో పెట్టకు. కార్న్‌ఫ్లోర్ గ్లేజ్ గడ్డకట్టి మళ్ళీ కరిగితే నీరు విడిపోతుంది, ఎంత కలిపినా మళ్ళీ కలవదు. మామూలు ఫ్రిజ్‌లో మూడు రోజులు బాగుంటుంది.

పళ్ళ ముక్కలు పేర్చిన టార్ట్ కూడా మొదలుపెడతానన్నావు. దానికి ఈ మామిడి గ్లేజ్ పనికిరాదు, ముక్కల రంగు కప్పేస్తుంది. ఫ్రాన్స్ బేకరీల్లో ఆప్రికాట్ జామ్‌ను కాస్త నీళ్ళతో వేడిచేసి, వడకట్టి, బ్రష్‌తో పూస్తారు. మనకి దాని అవసరం లేదు, జామకాయలున్నాయి. జామలో పెక్టిన్, అంటే పళ్ళలో సహజంగా ఉండే జిగురు పదార్థం, బాగా ఉంటుంది, పంచదారా పులుపూ తోడైతే అదే గట్టిపడుతుంది, కార్న్‌ఫ్లోరే అక్కర్లేదు. బాగా ముగ్గినవి కాదు, దోర కాయలు తీసుకో, పెక్టిన్ వాటిలోనే ఎక్కువ. ముక్కలు కోసి, మునిగేంత నీళ్ళు పోసి, మెత్తబడేదాకా అరగంట ఉడికించి, పలచటి బట్టలో మూటకట్టి రాత్రంతా గిన్నె మీద వేలాడదీయి. పిండకు. పిండితే రసం ఎక్కువే వస్తుంది గానీ మబ్బుగా ఉంటుంది, మెరుపు పోతుంది. కప్పు రసానికి ముప్పావు కప్పు పంచదార, చెంచాడు నిమ్మరసం వేసి పెద్ద మంట మీద మరిగించు. ఇక్కడ నిమ్మరసం ముందే వేయాలి, పెక్టిన్‌కి పులుపు కావాలి. కార్న్‌ఫ్లోర్‌తో ఉన్న పేచీ దీనితో లేదు. గరిటె ఎత్తి పక్కకి వంచితే ముందు విడివిడిగా చుక్కలు పడతాయి, ఉడికేకొద్దీ రెండు చుక్కలు అంచు దగ్గర కలిసి ఒక్కటిగా జారతాయి. అప్పుడు ఆపెయ్. చల్లారితే లేత ఎర్రటి జెల్లీ అవుతుంది. శుభ్రమైన సీసాలో పోసి ఫ్రిజ్‌లో ఉంచితే నెలరోజులు వాడుకోవచ్చు. కావలసినప్పుడు రెండు చెంచాల జెల్లీకి ఒక చెంచా నీళ్ళు కలిపి, సిమ్‌లో కరిగించి, గోరువెచ్చగా బ్రష్‌తో ముక్కల మీద పలచగా అద్దు. రెండో పూత వేయాలనిపిస్తే మొదటిది ఆరాకే.

ధర గురించి అడిగావు కదా, పండు కిలో రేటు కట్టేటప్పుడు తొక్కా టెంకా పోగా వచ్చిన గుజ్జుకి కట్టు, కొన్న బరువుకి కాదు. వచ్చే వారం ఆర్డర్‌కి ముందు ఒక చిన్న గిన్నెడు చేసి చూసి, ప్లేటు మీద గీసిన గీత ఫోటో పంపు.

ఆశీస్సులతో,
అత్త