ఫోర్ట్రాన్ భాష ఎందుకు పుట్టింది?

ఫోర్ట్రాన్ అనే ప్రోగ్రామింగ్ భాష పుట్టడానికి ప్రధాన కారణం ఖర్చు. 1950ల తొలినాళ్లలో ఒక్కో ఆదేశాన్నీ యంత్ర సంకేతాల్లోనో, వాటికి పొట్టి పేర్లు వాడే అసెంబ్లీ భాషలోనో రాయవలసి రావడంతో, ప్రోగ్రామర్లకయ్యే వ్యయం కంప్యూటర్ వ్యయానికి ఏమాత్రం తీసిపోయేది కాదు. అందుకే 1953 చివర్లో కంప్యూటర్ల సంస్థ ఐబీఎంలో పనిచేస్తున్న జాన్ బాకస్, గణిత సూత్రాన్ని దాదాపు ఉన్నదున్నట్టుగా రాస్తే కంప్యూటరే దాన్ని యంత్రభాషలోకి మార్చుకునే పద్ధతిని ప్రతిపాదించారు. అలా తయారైన కోడ్ చేత్తో రాసినంత వేగంగా నడవదని చాలామంది సందేహించారు. ఆ సందేహాన్ని తీర్చేంత చురుకైన కోడ్‌ను ఇవ్వగలగడమే, నా దృష్టిలో, బాకస్ బృందం సాధించిన అసలైన ఘనత. 1957లో ఐబీఎం 704 అనే కంప్యూటర్ కోసం ఫోర్ట్రాన్ విడుదలైంది. అప్పట్లో ప్రోగ్రామును పంచ్ కార్డులపై, అంటే రంధ్రాలు చేసిన అట్టముక్కలపై, ఎక్కించేవారు. 80 నిలువు వరుసలున్న కార్డులో 7 నుంచి 72 వరకు ఉన్న వరుసల్లోనే ప్రోగ్రాము వాక్యం ఉండాల్సి వచ్చేది. మొదటి నిలువు వరుసలో ‘సి’ అక్షరం కనిపిస్తే, ప్రోగ్రామును యంత్రభాషలోకి మార్చే కంపైలర్ ఆ కార్డును వ్యాఖ్యగా, అంటే మనుషుల కోసం రాసిన వివరణగా, భావించి వదిలేసేది.